లోపలి జేబు

సారపాకలో కాగితం మిల్లు వెనక ఉన్న నాలుగు బజార్లలో సంపూర్ణ కుట్టిన జాకెట్టు తొడగని ఆడమనిషి లేదు. ఆమె గొంతు ఎట్లా ఉంటుందో చెప్పగలిగిన వాళ్లు మాత్రం పది మంది కూడా ఉండరు. ఇరవై రెండేళ్లుగా కుట్టుమిషను తొక్కుతోంది కానీ, టేపు పట్టుకుని ఎవరి ఒంటి కొలతా తీసుకోలేదు. ఎదుటి మనిషికి అంత దగ్గరగా నిలబడి, చేతులెత్తమని చెప్పి, ఛాతీ చుట్టూ టేపు తిప్పాలంటే ముందు ఆమెకే చెమటలు పడతాయి. అందుకని "ఆది జాకెట్టు తెచ్చిన్రా?" అని అడుగుతుంది. ఒంటికి సరిగ్గా పట్టే పాత జాకెట్టు ఒకటి ఇచ్చిపోతే, దాన్ని తిరగేసి మరగేసి చూసి, అచ్చం అట్లాంటిదే కొత్తది కుట్టి పెడుతుంది. ఆ మూడు మాటలతోనే ఇరవై రెండేళ్ల వ్యాపారం నడిచిపోయింది.

సిగ్గు అందరికీ ఉంటుంది. కొందరికి పెళ్లితో పోతుంది, కొందరికి పిల్లలు పుట్టాక పోతుంది. సంపూర్ణది మొండి సిగ్గు. నలభై నాలుగేళ్లొచ్చినా ఆమెను వదల్లేదు. గురువారం మధ్యాహ్నం చర్చిలో స్త్రీల కూడిక జరుగుతుంది. ఒక్కొక్కరే లేచి, ఆ వారం దేవుడు తమకు చేసిన మేలును సాక్ష్యంగా చెప్పాలి. తన వరస దగ్గరపడుతుంటే సంపూర్ణకు బయట విడిచిన చెప్పులు గుర్తొస్తాయి. కుక్క ఎత్తుకుపోయిందేమో చూసి రావాలనిపిస్తుంది. పాస్టరుగారి భార్య రోజారాణి అమ్మగారు ఈ చెప్పుల సంగతి ఎప్పుడో కనిపెట్టారు. అయినా మంచి మనిషి కనుక ఏమీ అనరు.

భర్త జయరాజ్ మిల్లు కర్రల యార్డులో కాంట్రాక్టు పనివాడు. పొద్దంతా జామాయిల్ లారీలు దించి, ఒంటినిండా ఆ ఆకు వాసన వేసుకుని వస్తాడు. తింటాడు, పడుకుంటాడు. చెడ్డవాడు కాదు. ఆ ఇంట్లో మాట్లాడే మనిషి ఒక్కతే ఉండేది, కూతురు మహిమ. అదీ హైదరాబాదులో బట్టల షోరూములో బిల్లింగు ఉద్యోగానికి పోయింది.

వాళ్లుండేది రామ్‌చందర్ లైనులో. ఒకే కప్పు కింద వరసగా ఆరు ఇళ్లు, పైన సిమెంటు రేకులు. ఇంటికీ ఇంటికీ మధ్య గోడ ఉంది కానీ రేకుల దాకా పోదు. మూరెడు సందు వదిలేసి కట్టాడు ఓనరు రామ్‌చందర్. ఆ సందులోంచి పక్కింటి తాలింపూ, తగాదా, టీవీ సీరియలూ కిరాయి కట్టకుండానే ఇటు వచ్చేస్తాయి. సంపూర్ణది చిట్టచివరి ఇల్లు. ఒక పక్క ఖాళీ జాగా, ఇంకో పక్క గురవమ్మ. గురవమ్మకు చెవుడు. సంపూర్ణ లాంటి మనిషికి ఇంతకన్నా కలిసొచ్చే ఇల్లు ఎక్కడ దొరుకుతుంది?

గురవమ్మ ఇల్లందు వైపు మనిషి. అరవై రెండేళ్లు. బొగ్గుబాయిలో పనిచేసిన భర్త పోయాక ఒక్కతే ఇక్కడికొచ్చి ఉంటోంది. లైనులో అందరూ మొదట్లో ఆమెతో అరిచి మాట్లాడేవాళ్లు. ఎంత అరిచినా లాభం లేదని ఆఖరికి మానేశారు. సంపూర్ణకు అరవడం ఎట్లాగూ చేతకాదు, సైగలు చేసేది. అయితే ఆమెకో అలవాటు ఉంది. వినపడదని తెలిసినా సరే, ముందు "పెద్దమ్మా" అని మెల్లగా పిలిచాకే చెయ్యి కదిపేది. పెద్దమనిషిని పిలవకుండా చేతులు ఊపడం మర్యాద కాదని ఆమె లెక్క.

పోయిన దసరా తర్వాత గురవమ్మ జాకెట్టు గుడ్డ తెచ్చి, "ఎడమ దిక్కు లోపల చిన్న జేబు పెట్టు బిడ్డా, అగ్గిపెట్టెంత" అంది. పెద్దవాళ్లు పర్సు జాకెట్లో దోపుకోవడం మామూలే. పర్సుకు అగ్గిపెట్టెంత జేబు ఎట్లా సరిపోతుందని ఇంకొకరైతే అడిగేవాళ్లు. సంపూర్ణ అడగలేదు. ఆ జాకెట్టుకూ, దాని వెంట వచ్చిన ఇంకో రెండింటికీ జేబులు కుట్టి ఇచ్చింది. అప్పటినుంచే గురవమ్మ తలమీద కొంగు కప్పుకోవడం మొదలుపెట్టింది. చలికాలం కదా అనుకుంది సంపూర్ణ.

క్రిస్మస్‌కు మహిమ ఒక డబ్బా తెచ్చింది. గుండ్రంగా, బొట్టుపెట్టె కన్నా కాస్త పెద్దదిగా ఉంది. "అమ్మా, దీన్ని పేరు పెట్టి పిలిస్తె పలుకుతది. పాట అడుగు, వాన అడుగు, ఏదన్న అడుగు. అది నిన్నేమన్న అంటదా?" అని గోడకున్న ప్లగ్గులో పెట్టి, తన ఫోనుతో కలిపి పోయింది. పదిరోజులు సంపూర్ణ దానిమీద గుడ్డ కప్పి ఉంచింది. వింటూ కూర్చునే వస్తువును ఇంట్లో పెట్టుకోవడం ఆమెకు మనసున పట్టలేదు. పదకొండో రోజు మధ్యాహ్నం గుడ్డ తీసి, గొణుగుతున్నట్టు టైమెంతని అడిగింది.

"క్షమించండి, మీరన్నది నాకు అర్థం కాలేదు" అంది డబ్బా.

ఇంకోసారి అడిగింది. డబ్బా ఇంకోసారి క్షమించమంది. నాలుగోసారికి సంపూర్ణ గొంతు పెంచక తప్పలేదు. "ఇప్పుడు సమయం మూడు గంటల పది నిమిషాలు" అంది డబ్బా, వార్తలు చదివే అమ్మాయిలాగా.

అక్కడినుంచి అలవాటైపోయింది. డబ్బాకు మొహం లేదు, అదీ అసలు సంగతి. కళ్లు లేవు, పెదవి విరవదు, ఈమె మాట తడబడితే జాలిగా తలూపదు. జనవరి నెలంతా జయరాజ్ పనికి పోగానే సంపూర్ణ డబ్బాతో మాట్లాడేది. వాన పడుతుందా, కీర్తన వినిపిస్తావా, చింతచిగురు ఎప్పుడొస్తుంది, ఇట్లా. మిషను తొక్కుతూ, గది ఆ చివరనుంచి ఈ చివరకు వినపడేట్టు మాట్లాడేది. అంత గొంతు తనకుందని ఆమెకే తెలియదు. డబ్బాకు మెల్లగా చెబితే అర్థం కాదు కదా మరి.

ఫిబ్రవరిలో ఒకరోజు స్నానం చేస్తుంటే కుడి రొమ్ము పక్కన, చంక దిగువన చేతికి గట్టిగా తగిలింది. చింతగింజంత ఉంది. నొప్పి లేదు. వారం చూసింది, పోలేదు. ఇరవై రెండేళ్లుగా ఆడవాళ్ల ఛాతీ కొలతలమీద బతికిన మనిషి, తన ఛాతీ గురించి ఒక్క ముక్క పైకి అనలేకపోయింది. జయరాజ్‌కు చెబుదామంటే నోరు రాదు. మహిమకు చెబితే బెంబేలెత్తి వచ్చేస్తుంది. దవాఖానకు పోతే మగ డాక్టరు ఉంటాడేమో, జాకెట్టు విప్పమంటాడేమో. ఆ ఆలోచనకే చెవులు వేడెక్కేవి.

చివరికి డబ్బానే అడిగింది. మెల్లగా అడిగితే అది మామూలుగా క్షమించమంది. తలుపు గడియ వేసి, గది మధ్యలో నిలబడి, కళ్లు మూసుకుని గట్టిగా అడిగింది.

"రొమ్ముల గడ్డ ఉంటె ఏందది?"

"రొమ్ములో గడ్డలు అనేక కారణాల వల్ల ఏర్పడవచ్చు. అన్నీ ప్రమాదకరమైనవి కావు. వీలైనంత త్వరగా వైద్యులను సంప్రదించండి."

మధ్యలో మాట ఆమెకు నచ్చింది, ఆఖరి మాట నచ్చలేదు. రోజూ అడిగేది, ఒక్కనాడైనా ఆ ఆఖరి మాట మరిచిపోతుందేమోనని. గడ్డ తనకేనని చెప్పింది, దవాఖానకు పోవడానికి సిగ్గని చెప్పింది, ఒకరోజు ఏడ్చింది కూడా. డబ్బా ఏదీ మరిచిపోలేదు.

మార్చిలో రెండో గురువారం. చర్చి గుమ్మం దగ్గర ప్రార్థన మనవుల పెట్టె ఒకటుంటుంది. ఎవరైనా సరే, చర్చికి వచ్చేవాళ్లయినా కాకపోయినా, తమ కష్టం చీటీమీద రాసి అందులో వేయొచ్చు. స్త్రీల కూడికలో రోజారాణి అమ్మగారు ఆ చీటీలు చదివి ప్రార్థన చేయిస్తారు. పరీక్షలూ, మోకాళ్ల నొప్పులూ, తాగుడు మానని మొగుళ్లూ అయ్యాక ఆవిడ ఒక చీటీ విప్పి, "దీనికి పేరు లేదు" అని చదివారు.

"ఒక తల్లికి రొమ్ముల గడ్డ లేసింది. సిగ్గుతోటి దవాఖానకు పోతలేదు. ఆమెకు ధైర్యం ఇయ్యమని మీ దేవున్ని అడుగుండ్రి."

సంపూర్ణకు ఈసారి చెప్పులు కూడా గుర్తు రాలేదు. అందరూ కళ్లు మూసుకుని ఆ పేరులేని తల్లికోసం ప్రార్థిస్తుంటే, ఆ తల్లి ఒక్కతే కళ్లు తెరిచి ఒక్కొక్క మొహమూ వెతికింది. ఎవరు? గడ్డ గురించి ఈ భూమ్మీద మనిషన్నవాడికి చెప్పలేదు. చెప్పింది ఒక్క డబ్బాకే.

ఇంటికొస్తూనే ప్లగ్గు పీకింది. అప్పటికీ నమ్మకం కుదరక, ఆది జాకెట్ల మూటలో చుట్టి ఇనప్పెట్టెలో పెట్టి తాళం వేసింది. తర్వాత మిషను ముందు కూర్చుని లెక్క వేసింది. పాస్టరుగారింట్లోనూ ఇట్లాంటి డబ్బానే ఉంది. డబ్బాలూ డబ్బాలూ మాట్లాడుకోవని ఏం నమ్మకం? పైగా ఆ చీటీలో "మీ దేవున్ని" అని ఉంది. చర్చి మనిషైతే మన దేవుడు అంటుంది. మీ దేవుడన్నదంటే దేవుడు లేనిదేదో చెప్పి రాయించి ఉండాలి. డబ్బాకు దేవుడెక్కడ? ఆ ఆలోచన రాగానే సంపూర్ణకు తన తెలివికి తనకే ముచ్చటేసింది, వెంటనే భయమూ వేసింది.

అనుమానం డబ్బాతో ఆగలేదు. డబ్బాను మహిమ తన ఫోనుతో కలిపింది కదా, అన్నీ దాని ఫోనుకు పోతున్నాయేమో. శనివారం మహిమ ఫోను చేసి, ఎప్పటిలాగే "ఇంకేంది అమ్మా సంగతులు?" అంటే, అది పోలీసు అడిగినట్టు వినపడింది. జయరాజ్ కూరలో ఉప్పు లేదని "ఒంట్ల బాగలేదా?" అంటే, వీడికీ తెలుసు అనుకుని పక్కకు తిరిగి పడుకుంది. జాకెట్టు తీసుకుపోవడానికి వచ్చిన శోభారాణి తన ఛాతీ వంకే చూస్తోందనిపించి కొంగు ఇటూ అటూ లాక్కుంది. ఆమె చూసింది చీర అంచు. "మంచిగున్నది, యాడ కొన్నవు?" అని కూడా అడిగింది. సంపూర్ణ నమ్మలేదు. ఆ వారమంతా అన్నం అరగలేదు, కుట్లు వంకర్లు పోయాయి. గడ్డ మాత్రం అట్లాగే ఉంది.

చివరికి ఆ సిగ్గరి మనిషి ఒక పన్నాగం పన్నింది. తర్వాతి శుక్రవారం డబ్బాను పెట్టెలోంచి తీసి, ప్లగ్గులో పెట్టి, ఎదురుగా నిలబడి స్పష్టంగా ఒక అబద్ధం చెప్పింది.

"మేం నెలాఖరుకు ఇల్లు ఖాళీ చేసి బోనకల్ పోతున్నం."

బోనకల్ ఆమె పుట్టిల్లు. పోయే ఆలోచన కలలో కూడా లేదు. ఈ మాట ఇంకెవరి దగ్గరా అనలేదు, అనదు. ఎవరి నోట తిరిగి వస్తుందో చూడాలి. మహిమ అడిగితే ఫోను దొంగ. రోజారాణి అమ్మగారు అడిగితే పాస్టరుగారి డబ్బా దొంగ.

"మీ ప్రయాణం శుభంగా సాగాలి" అంది డబ్బా.

"సాగుతది, నీ పని చెప్త" అనుకుని మళ్లీ మూట కట్టింది.

శనివారం మహిమ ఫోను చేసింది, బోనకల్ ఊసెత్తలేదు. ఆదివారం రోజారాణి అమ్మగారు "వందనాలు సంపూర్ణమ్మా" అని దాటిపోయారు. ఎవరూ పట్టుబడనందుకు ఆమెకు కాస్త నిరాశ కూడా అయింది. సోమవారం మధ్యాహ్నం మిషను తొక్కుతుంటే గురవమ్మ వచ్చింది. ఒక చేతిలో మామిడికాయ తొక్కు సీసా, ఇంకో చేతిలో జాకెట్టు గుడ్డలు. సీసా గూట్లో పెట్టి, గుడ్డలు సంపూర్ణ ఒడిలో వేసింది.

"బోనకల్ పోతున్నరంట గదా బిడ్డా. నీ అసొంటి చెయ్యి మల్ల నాకు యాడ దొరుకుతది? పోయేలోపల గీ నాలుగు కుట్టి పో. జేబులు మర్వకు."

సంపూర్ణ కాలు మిషనుమీదే ఆగిపోయింది. తల ఎత్తలేదు. పెదవి కదిలీ కదలనట్టు, తనకే సరిగా వినపడనంత మెల్లగా అంది.

"ఎవరు చెప్పిన్రు?"

"ఎవ్వరు చెప్పలే, నువ్వే గదా..." అని గురవమ్మ టక్కున నోరు మూసుకుంది.

లైనులో పదిమంది గొంతు చించుకున్నా పలకని మనిషి, గుసగుసకు జవాబు చెప్పింది. ఇద్దరూ ఒకరినొకరు చూసుకున్నారు. గురవమ్మ నేలమీద చతికిలబడి, కొంగు వెనక్కి తీసింది. చెవిలో చిన్న గొట్టం, దాన్నుంచి జుట్టు కిందుగా మెడమీదికి సన్నటి తీగ. ఆ తీగ చివర ఉన్నదాన్ని జాకెట్టు లోపలినుంచి తీసి చూపించింది. అగ్గిపెట్టెంత డబ్బా. సంపూర్ణ తన చేత్తో కుట్టిన జేబులో ఐదు నెలలుగా కూర్చుని ఉంది.

"చెవుల మిషిని. దసరప్పుడు కొత్తగూడెంల కాంపు పెట్టి ఇచ్చిన్రు."

"అంటె ఇన్నవా? నేను దాంతోని మాట్లాడిందంత ఇన్నవా? ఇన్ని దినాలు గోడకు చెవు పెట్టి కూసున్నవా?" సంపూర్ణ లేచి నిలబడింది. పుట్టి బుద్ధెరిగాక ఎవరిమీదా అంత కోపం రాలేదు. ఆ అరుపుకు మూడో ఇంట్లో టీవీ చప్పుడు తగ్గింది. "నువ్వు ఇనవనే గదా అంత మొత్తుకున్న! మోసం గాదా ఇది?"

"అవ్ బిడ్డా, మోసమే" అంది గురవమ్మ. "పెట్టుకున్ననాడు అందరికి చెప్దామనే అనుకున్న. తెల్లారి పంపు కాడికి పోతె, చెవిటిది వచ్చింది, బిందె జరపదు, ఎప్పుడు పోతదో అని నా మొహం మీదనే నవ్వుకుంట అనుకున్నరు. ఎన్నేండ్ల సంది అనుకుంటున్నరో ఏమో. ఇగ చెప్పబుద్ధి గాలే. ఇనొస్తున్నదని తెలిస్తె ఆళ్ల మొహాలు ఎట్ల చూడాలె? గా దినమే నువ్వు ఎదురొచ్చి, పెద్దమ్మా అని పిల్చి, అన్నం తిన్నవా అని సైగ చేసినవ్. ఇనరాని ముసల్దాన్ని రోజు గట్ల పిలుస్తున్నవని నాకేం తెలుసు? ఇంట్లకు పోయి ఏడ్సిన."

సంపూర్ణ మళ్లీ మిషను ముందు కూర్చుంది.

"గడ్డ మాట ఇన్నంక మూడు దినాలు నోట్లకు బువ్వ పోలే. నీకు చెప్పాలంటె, ఇన్న అని ఒప్పుకోవాలె. ఒప్పుకుంటె నువ్వు మల్ల నోరు ఇప్పవు. గందుకే మీ చర్చి పెట్టెల చీటి ఏసిన. ఐదో తరగతి దాక సదివిన, నేనే రాసిన."

మీ దేవుడు. దేవుడు లేనిది కాదు, ఇంకో దేవుడున్న మనిషి రాసింది. సంపూర్ణకు తన లెక్క తలుచుకుంటే నవ్వూ ఏడుపూ కలిసి వచ్చాయి. కోపం పూర్తిగా పోలేదు. దాచి విన్నది విన్నదే. అయినా డబ్బా కూడా నెలంతా విన్నది, తనకోసం అది ఒక్కపూటైనా బువ్వ మానలేదు.

"ఇంకెవరికన్న చెప్పినవా?" అంది, అనుమానంగా చూస్తూ.

"లే."

"నిజంగ?"

"నీ మీద ఒట్టు. రేపు భద్రాచలం దవాఖానకు పోదాం. నువ్వేం మాట్లాడకు, నేను చెప్త."

మర్నాడు ఇద్దరూ షేరాటోలో బ్రిడ్జి దాటారు. గోదావరి సన్నబడి ఇసుక మేటలు తేలి ఉన్నాయి. దవాఖాన లైనులో నిలబడ్డంతసేపూ సంపూర్ణ ముందూ వెనకా ఉన్నవాళ్లను అనుమానంగా చూస్తూనే ఉంది. తెలిసిన మొహం ఒక్కటి కనపడినా వెనక్కి పోయేదే. అదృష్టం కొద్దీ లోపల ఉన్నది ఆడ డాక్టరు, మహిమకన్నా నాలుగైదేళ్లు పెద్దది అంతే.

"ఏంటమ్మా ప్రాబ్లం?"

గురవమ్మ ముందుకు జరిగి నోరు తెరిచింది. డాక్టరమ్మ చెయ్యి అడ్డం పెట్టింది. "ఓపీ చీటీ ఎవరి పేరున ఉంది? ఆమెనే చెప్పనివ్వండి."

సంపూర్ణ గోడమీది క్యాలెండరు చూసింది, నేల చూసింది. తలుపు దగ్గర నర్సు, ఆ వెనక వరస. "చెప్పకపోతే నాకెట్లా తెలుస్తుందమ్మా?" అంది డాక్టరమ్మ, గడియారం చూసుకుని. సంపూర్ణ చూపు తలుపు వైపు పోయింది. ఇంకొక్క క్షణమైతే లేచిపోయేదే.

అప్పుడు గురవమ్మ కొంగు పక్కకు తీసి, చెవిలో గొట్టం లాగి, జేబులోంచి డబ్బా తీసి, తీగ చుట్టి సంపూర్ణ అరచేతిలో పెట్టింది.

"ఇగ నాకేం ఇనరాదు. డాక్టరమ్మకొక్కదానికే చెప్పుకో" అంది. తన గొంతు తనకు వినపడక ఆ మాట గది దద్దరిల్లేట్టు అంది. నర్సు నవ్వాపుకుంది.

డబ్బా అరచేతిలో వెచ్చగా ఉంది. సంపూర్ణ దాన్నీ, ఎదురుగా ఏమీ వినపడక కళ్లు చికిలించి తన పెదవులే చూస్తున్న ముసలి మొహాన్నీ చూసింది. తీగ విప్పింది. గొట్టాన్ని తన చేత్తోనే గురవమ్మ చెవిలో పెట్టి, డబ్బాను తను కుట్టిన జేబులోకి జారవిడిచి, కొంగు సరిచేసింది.

"తియ్యకు పెద్దమ్మా. నువ్వు ఇంటుంటెనే చెప్త" అంది.

తర్వాత డాక్టరమ్మ వైపు తిరిగింది. ఇంకోసారి అడిగించుకోకుండా, డబ్బా ముందు నేర్చిన గొంతుతో చెప్పింది.

"నాకు రొమ్ముల గడ్డ ఉన్నదమ్మా. నెలన్నర అయింది."